సీమ కొండల్ని గీసినవాళ్లు: డ్రాయింగ్ మాస్టారి కొలువు వెనుక కథ

కర్నూలు, అనంతపురం, కడప జిల్లాల్లో ప్రకృతి దృశ్యాలు వేసే చిత్రకారుడికి బొమ్మలు అమ్ముకుని బతికే వీలు ఎన్నడూ పెద్దగా లేదు. బొమ్మను కొనే షావుకారు, దాన్ని వేలాడదీసే గ్యాలరీ, దాని గురించి నాలుగు మాటలు రాసే పత్రిక మొదట మద్రాసులోనో బొంబాయిలోనో ఉండేవి, తరవాత హైదరాబాదుకు చేరాయి. ఇక్కడ ఉండిపోయినవాడికి అన్నం పెట్టింది హైస్కూల్లో డ్రాయింగ్ మాస్టారి ఉద్యోగమే. అందుచేత ఆ పోస్టు ఉంటుందా పోతుందా అన్నది పైకి కనిపించినట్టు బడిలో ఒక పీరియడుకు సంబంధించిన ప్రశ్న మాత్రమే కాదు. ఈ ప్రాంతపు కొండలను, బీళ్లను, ఎండిన ఏటి గర్భాలను గీసే చేతులు ఉంటాయా ఉండవా అన్న ప్రశ్న కూడా దానితో ముడిపడి ఉంది.

2009 నాటి విద్యాహక్కు చట్టం తన షెడ్యూలులో, ఆరు నుంచి ఎనిమిదో తరగతి వరకు నూరుమందికి మించి పిల్లలున్న బడిలో చిత్రకళకు, వ్యాయామానికి, పనివిద్యకు పార్ట్‌టైమ్ బోధకులు ఉండాలని రాసింది. చట్టంలో చిత్రకళకు చోటు దక్కడం మేలే. అయితే ఆ చోటు పక్కన ‘పార్ట్‌టైమ్’ అన్న మాట కూడా పడింది. పూర్తి జీతం, ఇంక్రిమెంటు, పింఛను ఉన్న కొలువు స్థానంలో గౌరవ వేతనపు కొలువు నిలబడటానికి అది దారి తీసింది. ఇక్కడిదాకా ఎలా వచ్చామో తెలియాలంటే చాలా వెనక్కి వెళ్లాలి.

సీమకు చిత్రకళ కొత్తది కాదు. లేపాక్షి వీరభద్రాలయం పైకప్పుల మీద విజయనగర కాలపు చిత్రకారులు పదహారో శతాబ్దంలో వేసిన రంగులు నేటికీ నిలిచి ఉన్నాయి. నిమ్మలకుంట తోలుబొమ్మల్లో గీత ఇంకా బతికే ఉంది. అయితే ఈ రెండింటిలోనూ దేవుళ్లు, రాజులు, వాళ్ల నగలు, చీరల అంచులే ప్రధానం. చెట్టూ రాయీ కథకు అవసరమైనంత మేరకే వస్తాయి, కథలో పాత్ర లేకుండా కొండ ఒక్కటే బొమ్మ కావడం ఆ సంప్రదాయంలో లేదు.

కొండను కొండగానే గీసే అలవాటు ఇక్కడికి సర్వేతో వచ్చింది. 1800లో నిజాము ఈ సీమను ఈస్టిండియా కంపెనీకి దత్తం చేశాడు. కర్నూలు నవాబు సంస్థానం మాత్రం 1839 దాకా విడిగా నిలిచింది. చేతికొచ్చిన భూమిని కొలవడానికి కంపెనీకి మనుషులు కావలసి వచ్చారు. మద్రాసులో 1794లోనే సర్వే పాఠశాల మొదలైంది. అక్కడ గొలుసు పట్టి కొలవడంతో పాటు గీత గీయడమూ నేర్పేవారు. కోట ఏ గుట్ట మీద ఉంది, దానికి దారి ఎటునుంచి, వాగు ఎక్కడ దాటాలి అన్నవి తెలియజెప్పడం ఆ బొమ్మల పని. అందం కోసం గీసినవి కాకపోయినా వాటిలో అందం లేకపోలేదు. కంపెనీ సర్వే అధికారి కాలిన్ మెకంజీ ఆధ్వర్యంలో దత్తమండలాల సర్వే జరిగినప్పుడు అతని బృందాలు ఊళ్ల చరిత్రలను, శాసనాలను, చిత్రాలను కలిపే సేకరించాయి. కావలి సోదరుల వంటి తెలుగువాళ్లు ఆ పనికి వెన్నెముకగా నిలిచారు. ఆ సేకరణలోని మాటలు తిరిగి ఇంటికి వచ్చాయి, కడప జిల్లా కైఫియత్తులను, అంటే ఆ ఊళ్ల చరిత్రలను, కడపలోని సి.పి. బ్రౌన్ కేంద్రమే అచ్చువేసింది. బొమ్మలు మాత్రం లండన్‌లోనే ఉన్నాయి. ఊరి కైఫియత్తు చదివిన మనిషికి ఆ ఊరు రెండు వందల ఏళ్ల కిందట ఎలా కనిపించేదో చూసే భాగ్యం లేకపోయింది, సీమ చిత్రకళకు తన తొలి పుట ఎదుట లేకుండా పోవడానికి ఇదొక కారణమని నా అభిప్రాయం.

బడిలో డ్రాయింగ్ రావడం మరో కథ. అలెగ్జాండర్ హంటర్ అనే వైద్యుడు 1850లో మద్రాసులో చిత్రకళాశాల ప్రారంభించాడు, కొద్ది ఏళ్లలోనే ప్రభుత్వం దాన్ని తన చేతిలోకి తీసుకుంది. అక్కడి ఉద్దేశం చిత్రకారులను తయారుచేయడం కంటే మంచి చేతిపనివాళ్లను, నమూనా గీయగల వాళ్లను, గీత నేర్పగల మాస్టర్లను తయారుచేయడం. ఇంగ్లండులో సౌత్ కెన్సింగ్టన్ పద్ధతి అని పేరుపడిన పాఠ్యక్రమం ప్రకారం ఫ్రీహ్యాండ్ గీత, వస్తు చిత్రణ, జామెట్రీ, పర్‌స్పెక్టివ్ వరసగా సాగేవి. గ్రేడు పరీక్షలు పెట్టి సర్టిఫికెట్లు ఇచ్చే అలవాటు ఆ పద్ధతిదే. నేటికీ తెలుగునాట ప్రభుత్వ పరీక్షల విభాగం నిర్వహించే టెక్నికల్ పరీక్షల్లో డ్రాయింగు చేనేత, కుట్టుపనుల పక్కనే లోయర్, హయ్యర్ గ్రేడులుగా ఉంటుంది. మగ్గం, సూది, కుంచె ఒకే జాబితాలో ఉండటాన్ని చిన్నచూపుగా తీసుకోనక్కరలేదు. డ్రాయింగ్‌ను ఏ ఉద్దేశంతో బడిలోకి తెచ్చారో ఆ జాబితాయే చెబుతుంది.

సీమ కుర్రాళ్లకు ఆ చదువు దగ్గర చేసింది రైలు. మద్రాసు నుంచి కడప, ఎర్రగుంట్ల, తాడిపత్రి, గుత్తి, గుంతకల్లు మీదుగా రాయచూరు చేరి బొంబాయి దారితో కలిసే లైను 1871లో పూర్తయింది. దాని ఒక కొసన మద్రాసు చిత్రకళాశాల, రెండో కొసన బొంబాయిలో 1857లో మొదలైన జె.జె. చిత్రకళా పాఠశాల ఉన్నాయి. దక్షిణాదిలో రెండు పెద్ద చిత్రకళాశాలల నడుమ ఇంత సూటిగా పడిన ప్రాంతం మరొకటి అరుదు. 1929 నుంచి 1957 వరకు మద్రాసు కళాశాలను దేవీప్రసాద్ రాయ్ చౌధురి నడిపారు, ఆ తరవాత కె.సి.ఎస్. పణిక్కర్ వచ్చారు. పణిక్కర్ తొలి రోజుల్లో మలబారు కాలవలను, కొబ్బరి తోటలను నీటిరంగుల్లో వేసినవారు. గురువు తన ఊరి నేలను బొమ్మగా మార్చడం కళ్లారా చూసిన విద్యార్థికి తన ఊరి నేల కూడా బొమ్మకు పనికొస్తుందన్న ధైర్యం రావడం సహజం.

కోస్తాలో ఈ ధైర్యం ముందే వచ్చింది. రాజమండ్రి కళాశాల ప్రిన్సిపాలుగా ఉన్న ఆస్వాల్డ్ కూల్డ్రే స్వయంగా చిత్రకారుడు. దామెర్ల రామారావులోని ప్రతిభను గుర్తించి బొంబాయి చదువుకు పంపినవాడు ఆయనే. రామారావు తిరిగొచ్చి రాజమండ్రిలో చిత్రకళా పాఠశాల పెట్టి, ఇరవై ఎనిమిదేళ్లు నిండకముందే 1925లో మశూచితో కన్నుమూశారు. ఆ తరవాత మిత్రుడు వరదా వెంకటరత్నం ఆ పనిని ముందుకు నడిపారు. సీమలో కూల్డ్రే వంటి ప్రిన్సిపాలు దొరకలేదు, దొరికినా గోదావరి చేసినంత మేలు పెన్న చేసేది కాదేమో. నీళ్లున్న చోట అందం ఉందని ఒప్పించడానికి ఎవరూ కష్టపడనక్కరలేదు, నీళ్లు లేని చోట ఆ సంగతి కంటికి నేర్పవలసి వస్తుంది.

ఆ నేర్పు బాధ్యత డ్రాయింగ్ మాస్టారి మీద పడింది. 1959 చట్టంతో జిల్లా పరిషత్తులు ఏర్పడి పల్లెల్లోకి హైస్కూళ్లు విస్తరించిన తరవాత, ఆ కొలువుకు ఒక స్థిరమైన దారి ఏర్పడింది. బడిలో బొమ్మలు బాగా వేసే పిల్లవాడు లోయర్ రాస్తాడు, తరవాత హయ్యర్ రాస్తాడు, వేసవిలో నలభై రెండు రోజుల టీటీసీ (టెక్నికల్ టీచర్స్ సర్టిఫికెట్) శిక్షణ పూర్తిచేస్తాడు, నియామకం కోసం ఎదురుచూస్తాడు. స్తోమత ఉన్నవాడు మద్రాసుకో, రాష్ట్రం ఏర్పడ్డాక హైదరాబాదుకో వెళ్లి డిప్లొమా చేసేవాడు. ఉద్యోగం వచ్చాక జమ్మలమడుగు నుంచి పత్తికొండకు కాకపోయినా, జిల్లాలో ఒక మూల నుంచి మరో మూలకు బదిలీలు తప్పవు. ఈ బదిలీలే ఎందరికో వరమయ్యాయి. గండికోట దగ్గర పెన్న ఎర్రమల కొండలను కోసుకుని పారే లోయ, బనగానపల్లె దారిలో నాపరాళ్ల గనులు, నల్లమల అంచు, గుత్తి కోట గుట్ట, పెనుకొండ బండలు, రేగడి మీద విరబూసిన పొద్దుతిరుగుడు: ఒక్క ఉద్యోగ జీవితంలో ఇలాంటి నేలలను కొన్నయినా చూసే అవకాశం ప్యూను నుంచి హెడ్మాస్టరు దాకా అందరికీ వచ్చినా, ఆగి చూడటం జీతంలో భాగమైనవాడు డ్రాయింగ్ మాస్టారు ఒక్కడే.

బడిలో మాత్రం అతని చేత వేయించినవి వేరు. సైన్సు మాస్టారికి గుండె బొమ్మ, సోషల్ మాస్టారికి ఇండియా మ్యాపు, గోడల మీద గాంధీ, నెహ్రూ, అంబేద్కర్, పంద్రాగస్టుకు నల్లబల్ల మీద రంగు సుద్దలతో జెండా, ఎన్నికలప్పుడు పోలింగ్ డ్యూటీ. పదో తరగతి పబ్లిక్ పరీక్షల్లో డ్రాయింగుకు మార్కులు లేవు కాబట్టి, లెక్కల మాస్టారు సిలబస్ పూర్తికాలేదంటే ముందుగా ఇవ్వవలసింది డ్రాయింగ్ పీరియడే.

ఇక ఆ పీరియడులో వేయించిన ప్రకృతి దృశ్యం సంగతి చెప్పుకోవాలి. రెండు కొండలు, వాటి నడుమ అర్ధచంద్రంగా సూర్యుడు, కిందికి వంకర తిరుగుతూ నది, ఒడ్డున గుడిసె, పక్కన వాలిన కొబ్బరిచెట్టు, ఆకాశంలో అంకె మూడులా పక్షులు. వానకు మొహం వాచిన ఉరవకొండ పిల్లవాడూ ఇదే వేస్తాడు, కోనసీమ పిల్లవాడూ ఇదే వేస్తాడు. అనంతపురం జిల్లా సగటు వర్షపాతం ఏడాదికి 550 మిల్లీమీటర్ల దరిదాపు. అక్కడ ఏడాది పొడవునా నిండుగా పారే నది లేదు, పొలం గట్టున కనిపించేవి వేప, కానుగ, ఈత, సర్కారు తుమ్మ. కిటికీలోంచి కనిపించే గుట్టను పక్కనపెట్టి చూడని నదిని గీయడం ఆ పిల్లల తప్పు కాదు, పోస్టర్లూ క్యాలెండర్లూ నమూనా పుస్తకాలూ ‘దృశ్యం’ అంటే అదేనని నేర్పాయి. మంచి మాస్టర్లు ఇక్కడే తేడా చూపారు. పిల్లల్ని బడి వెనక ఉన్న బండల దగ్గరికి నడిపించి, ఎండ పడిన పక్క ఏ రంగు, నీడ పడిన పక్క ఏ రంగు అని అడిగిన మాస్టారు సిలబస్‌లో లేని పాఠం చెప్పినట్టే.

సీమ నేలను నీటిరంగుల్లో వేయడం తేలిక కాదు. తేమ ఉన్న చోట కాగితం మీద పూసిన పలుచని రంగు పూత (వాష్) కాసేపు తడిగా ఉండి, రెండో రంగు దానిలోకి మెల్లగా కలుస్తుంది. ఏప్రిల్‌లో ఇక్కడి గాలికి కుంచె ఎత్తేలోగా అంచు ఎండిపోయి గీతపడుతుంది. అందుకే బయట కూర్చుని వేసేవాళ్లు తెల్లవారుజామునే బయల్దేరి ఎనిమిది తొమ్మిది గంటలకల్లా పని ముగించుకునేవారు. గాలిలో తేమ తక్కువ కాబట్టి దూరపు కొండ కూడా తేటగా కనిపిస్తుంది, దూరమయ్యేకొద్దీ నీలిగా మసకబారాలన్న పుస్తక సూత్రం ఇక్కడ సగమే పనిచేస్తుంది. దూరాన్ని రంగుతో కాక గట్ల వరసలతో, నీడల పొడవుతో, బొమ్మలో చిన్నదయ్యే మేకల మందతో చూపించవలసి వస్తుంది. పచ్చరంగు ట్యూబు ఏళ్ల తరబడి మిగిలిపోతుంది, ఎల్లో ఆకర్, బర్ంట్ సియెన్నా, లైట్ రెడ్ మాత్రం నెలలోనే అయిపోతాయి. తెల్లరంగు పూయకుండా కాగితం తెలుపునే ఎండగా వదిలేయడం ఈ పద్ధతిలో అన్నిటికంటే కష్టమైన విద్య, మిట్టమధ్యాహ్నపు సీమకు అంతకంటే సరిపోయేదీ లేదు. భూగర్భ శాస్త్రజ్ఞులు ఈ రాళ్లను ఎప్పుడో పట్టించుకున్నారు. విలియం కింగ్ 1872లోనే కడప, కర్నూలు శిలాశ్రేణుల మీద గ్రంథం వెలువరించాడు, ‘కడప బేసిన్’ అంటే నేడు లోకమంతా తెలుసు. అవే రాళ్లు చిత్రకళలో అంత పేరు తెచ్చుకోలేదు.

జీతం చాలని రోజుల్లో మాస్టర్లు అంగళ్ల బోర్డులు, లారీల వెనక నెమళ్లు, సినిమా బ్యానర్లు కూడా వేశారు. ఫ్లెక్సీలు వచ్చాక ఆ దారి మూసుకుపోయింది. డ్రాయింగ్ కొలువు దొరకని కుర్రాడు ఎదురుచూసే కాలంలో బతకడానికి ఉన్న ఆసరా కూడా దానితోనే పోయింది.

2014లో రాష్ట్రం విడిపోయినప్పుడు హైదరాబాదులోని లలిత కళల విశ్వవిద్యాలయం తెలంగాణలో ఉండిపోయింది. 2020లో కడపలో డాక్టర్ వైఎస్సార్ పేరిట ఆర్కిటెక్చర్, ఫైన్ ఆర్ట్స్ విశ్వవిద్యాలయం ఏర్పాటైంది. ఒకప్పుడు రైలెక్కి మద్రాసు పోవలసిన చదువు సొంత జిల్లాకే వచ్చింది. చదువు దగ్గరయ్యే నాటికి కొలువు పార్ట్‌టైమ్ కావడం ఇందులో చిక్కు. మద్రాసుకు వెళ్లిన తరానికి తిరిగొచ్చాక పరిషత్ హైస్కూలు ఉండేది, కడపలో చదివిన తరానికి ప్రైవేటు బడులు, యానిమేషన్ ఆఫీసులు, పెళ్లి మండపాల అలంకరణ మిగిలాయి. వాటిలో ప్రతిభకు చోటు ఉండవచ్చు కానీ, పొద్దున్నే గుట్ట ముందు కూర్చునే తీరిక, నెల తిరిగేసరికి జీతం వస్తుందన్న భరోసా రెండూ కలిసి ఉండటం కష్టం.

పదవీ విరమణ వయసు యాభై ఎనిమిది నుంచి 2014లో అరవైకి, 2022లో అరవై రెండుకి పెరగడంతో పాత తరం మాస్టర్లు కొంతకాలం ఎక్కువగా బడుల్లో ఉన్నారు. వాళ్లు వేసిన దృశ్యాలు ఇళ్లలో బీరువాల మీద, మంచాల కింద చుట్టచుట్టి ఉన్నాయి. సాధారణ కార్ట్రిడ్జి కాగితంలో ఆమ్లం ఉంటుంది, కొన్ని దశాబ్దాలకు అది పసుపుపచ్చగా మారి పెళుసెక్కుతుంది, నీటిరంగుల్లో కొన్ని వెలుతురుకు వెలిసిపోతాయి. వాటిని అడిగి తీసుకుని, ఆమ్లం లేని కాగితాల మధ్య భద్రపరిచి, ఏ ఊరి గుట్టో ఏ సంవత్సరమో రాయించి పెట్టే పనికి పెద్ద భవనం అక్కరలేదు. కైఫియత్తులకు కడపలో చోటు దొరికినట్టే ఈ బొమ్మలకూ ఏదైనా కళాశాలలో ఒక గది దొరికితే చాలు, వేసిన చేయి ఇంకా ఊళ్లోనే ఉండి అది ఏ కొండో చెప్పగల స్థితిలో ఉండగానే ఆ పని మొదలుకావాలి.