గంజాయి కేసుల్లో సోదా, కొట్టివేత, అప్పీలు: కోర్టు వరండాలో వినిపించే అపోహలు

విజయనగరం కోర్టుల్లో నేను వాదించే కేసుల్లో గంజాయివే ఎక్కువ. సరుకు ఏజెన్సీ నుంచో ఒడిశా నుంచో వస్తుంది. ఎస్.కోట మీదుగానో ఇచ్ఛాపురం దగ్గర హైవే మీదుగానో దాటిపోతుంది. దొరికేది మాత్రం చాలాసార్లు కూలికి బ్యాగు మోసిన కుర్రాడే. వాడి కోసం తిరిగే ఇంటివాళ్లకి వరండాలో తలా ఒక మాట చెబుతారు. వాటిలో కొన్నింటికి ఇక్కడ జవాబు రాస్తున్నాను.

"వారెంటు లేకుండా సోదా చేశారు, కేసు నిలబడదు"

నిలబడుతుంది. 1985 నాటి మాదకద్రవ్యాల చట్టం (ఎన్‌డీపీఎస్)లోని 42, 43 సెక్షన్లు వారెంటు లేని సోదాకి అధికారం ఇచ్చాయి. అసలు చూడాల్సింది ఎక్కడ పట్టుకున్నారన్నది. ఆర్టీసీ కాంప్లెక్సు, రైల్వే ప్లాట్‌ఫారం, బస్సు అయితే 43. దానికి రాతకోతలు తక్కువ. ఇల్లు, గోడౌను లాంటివైతే 42. అప్పుడు అందిన సమాచారాన్ని ముందు కాగితం మీద పెట్టాలి. దాని నకలు 72 గంటల్లో పై అధికారికి చేరాలి. పొద్దుపోయాక లోపలికి వెళ్తే, వారెంటు కోసం ఆగలేకపోయిన కారణం కూడా రాయాలి.

మరి సొంత కారు? తడబాటంతా ఇక్కడే. రోడ్డు అందరిదీ అయినా కారు అందరిదీ కాదు. 2021లో బూటా సింగ్ కేసులో, రోడ్డు మీదున్న ప్రైవేటు జీపుకి వర్తించేది 43 కాదు, 42 అని సుప్రీంకోర్టు తేల్చి నిందితులను విడిచిపెట్టింది. రాత ఆలస్యమైతే తగిన కారణం చూపి గట్టెక్కవచ్చు, అసలు రాయకపోతే మాత్రం కుదరదని 2009లోనే కర్నైల్ సింగ్ కేసులో రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది. అందుకే కేసు కట్ట చేతికి రాగానే నేను మొదట వెతికేది స్టేషన్ జనరల్ డైరీలో వేసిన టైము. వాదన సంగతి తర్వాత.

"గెజిటెడ్ అధికారి లేడు, కేసు ఎగిరిపోయినట్టే"

మా జూనియర్లకి ఇష్టమైన పాయింటు. కష్టమేమిటంటే, మన దగ్గర సరుకు జేబుల్లో దొరకదు, బ్యాగుల్లో దొరుకుతుంది. ఈ పాయింటుకి ఆధారమైన 50వ సెక్షన్ మనిషి ఒంటి మీద చేసే సోదాకే. చేతిలోని బ్యాగు ఒంట్లో భాగం కాదని 2005లో పవన్ కుమార్ కేసులో అన్నారు, 2023లో రంజన్ కుమార్ చద్దా కేసులోనూ అదే మాట.

ఒంటి మీదే దొరికితే కథ వేరు. గెజిటెడ్ అధికారి ముందుగానీ మేజిస్ట్రేటు ముందుగానీ సోదా కోరే హక్కు ఉందని అతనికి ముందే చెప్పి తీరాలి. విజయ్‌సింగ్ జడేజా కేసు (2010) ఇందులో సడలింపు ఇవ్వలేదు. "లేదంటే నేనే చూడనా?" అని ఎస్సై మూడో దారి చూపించడం, ఇద్దరు నిందితులకి కలిపి ఒకే నోటీసు ఇవ్వడం చెల్లవని 2014లో పరమానంద్ కేసులో తేలింది. ఆడవాళ్లను ఆడవాళ్లే సోదా చేయాలి, ఇందులో మినహాయింపు లేదు.

"ఒప్పుకుని సంతకం పెట్టేశాడు"

పెట్టనివ్వండి. పోలీసుల ముందు ఒప్పుకోలు సాక్ష్యం కాదు. ఈ చట్టం కింద అధికారులు 67వ సెక్షన్‌లో తీసుకునే వాంగ్మూలమూ ఒప్పుకోలుగా పనికిరాదని 2020లో తూఫాన్ సింగ్ తీర్పు చెప్పింది.

"మధ్యవర్తులు అడ్డం తిరిగారు, ఇక గెలిచినట్టే"

మధ్యవర్తులంటే సోదాకి సాక్షులుగా పెట్టినవాళ్లు. ఆ వీఆర్వోలు కోర్టులో ఏమీ తెలియదన్నంత మాత్రాన కేసు పోదు. పోలీసుల సాక్ష్యం నమ్మదగ్గదిగా ఉంటే దాని మీదే శిక్ష వేయొచ్చు. నా లెక్కలో ప్రాసిక్యూషన్ ఎక్కువగా జారిపడేది సీలు, తూకం, శాంపిల్ దగ్గర. 52ఏ సెక్షన్ ప్రకారం మేజిస్ట్రేటు ఎదుట శాంపిళ్లు తీయాలి. అది జరగలేదన్న ఒక్క కారణంతో కేసు కొట్టేయరని 2025లో భరత్ ఆంబలే తీర్పు వచ్చింది, కాబట్టి ఆ ఒక్క లోపాన్నే పట్టుకుని కూర్చోకూడదు. తూకం విషయానికొస్తే 20 కిలోలు దాటితే వాణిజ్య పరిమాణం: కనీసం పదేళ్లు, బెయిలు దుర్లభం. పూత లేకుండా విడిగా ఉన్న ఆకు, గింజ చట్టం దృష్టిలో గంజాయి కాదు. ఆ 20 కిలోల గీతకి కాస్త అటూఇటూగా ఉన్న కేసులో సంచిలో ఏముందో పంచనామాలో వెతకని లాయరంటే నాకు ఆశ్చర్యం.

"కేసు కొట్టేశారు, ఇక తిరుగులేదు"

ఎక్కువ గుండెలు బాదుకునేది దీని దగ్గరే. ఒక తల్లి హైకోర్టు నోటీసు పట్టుకొచ్చి "కోర్టు ఒగ్గేసింది కదా బాబూ, మళ్లీ ఏటిది?" అని అడిగింది. నిర్దోషి అన్న తీర్పు మీద ప్రభుత్వం అప్పీలుకి వెళ్లొచ్చు. పాత సీఆర్‌పీసీలో 378వ సెక్షన్, ఇప్పుడు దాని చోట వచ్చిన బీఎన్ఎస్ఎస్‌లో 419. స్టేషన్ ఎస్సై వేసేది కాదది. ప్రభుత్వం ఆదేశిస్తే పబ్లిక్ ప్రాసిక్యూటర్ వేస్తారు. గడువు 90 రోజులు, దాటితే ఆలస్యాన్ని మాఫీ చేయమని విడిగా అడగాలి. వేసినంత మాత్రాన విచారణకి రాదు, ముందు హైకోర్టు అనుమతివ్వాలి.

అనుమతి దొరికిందంటే శిక్ష పడినట్టేనని ఇంకొందరి భయం. అదీ తప్పే. హైకోర్టు సాక్ష్యమంతా మళ్లీ తూచగలదు, నిజమే. కానీ కింది కోర్టు విడుదల చేశాక నిర్దోషి అన్న భావన మరింత బలపడుతుందని, సాక్ష్యం నుంచి రెండు అభిప్రాయాలకు వీలున్నప్పుడు విడుదలను కదపకూడదని చంద్రప్ప తీర్పు (2007) చెబుతోంది. 42 కింద కాగితమే లేని కేసులో ప్రభుత్వానికి ఆ గోడ దాటడం కష్టం. కింది జడ్జి సాక్ష్యం చదవకుండా కొట్టేసిన కేసులో అంత కష్టం కాదు.

ఇంటివాళ్లు చేయాల్సింది రెండు. నోటీసు వస్తే పై కోర్టుకి హాజరవుతానని, విచారణ ముగిసేలోపే కింది కోర్టు నిందితుడి చేత రాయించుకునే బాండు ఆరు నెలలు అమల్లో ఉంటుంది. ఈలోగా కుర్రాడు చెన్నైకో హైదరాబాదుకో పనికి పోతే చిరునామా లాయరుకి ఇచ్చి వెళ్లాలి. నోటీసు వస్తే తీసుకోవాలి. అప్పీలులో నిందితుణ్ణి అరెస్టు చేయించి తెప్పించే అధికారం హైకోర్టుకి ఉంది, తిరగ్గొట్టిన కవరు దానికే దారి తీయొచ్చు. ఒకవేళ హైకోర్టు విడుదలను తిరగదోడి పదేళ్లు, ఆపైన శిక్ష వేస్తే, సుప్రీంకోర్టుకి అప్పీలు హక్కుగానే వస్తుంది, ఎవరి అనుమతీ అడగక్కర్లేదు.