ఉక్కు వచ్చింది, గని రాలేదు

విశాఖ స్టీల్ ప్లాంటు కష్టాల గురించి ఎవరు మాట్లాడినా 2021 దగ్గర మొదలుపెడతారు. ఆ ఏడాది జనవరి 27న నూరు శాతం వాటా అమ్మకానికి కేంద్రం పచ్చజెండా ఊపింది మరి. కానీ ఈ చిక్కుముడి చాలా పాతది.

‘విశాఖ ఉక్కు, ఆంధ్రుల హక్కు’ అంటూ 1966లో జనం రోడ్డెక్కారు. ఉద్యమ నేత అమృతరావు నిరాహార దీక్షకు కూర్చున్నారు. పోలీసు కాల్పుల్లో 32 మంది పోయారు. 1970 ఏప్రిల్ 17న ఇందిరా గాంధీ పార్లమెంటులో ప్లాంటు ప్రకటించి, మరుసటి జనవరిలో శంకుస్థాపన చేశారు. ఆ తర్వాత ప్లాంటును నడిపే ప్రభుత్వ కంపెనీ ఆర్‌ఐఎన్‌ఎల్‌ను పెట్టడానికే 1982 వచ్చింది. పి.వి. నరసింహారావు చేతుల మీదుగా ప్లాంటు జాతికి అంకితమైంది 1992 ఆగస్టు 1న. అంటే శంకుస్థాపన జరిగిన 21 ఏళ్లకు. ఈలోగా ఖర్చు తడిసిమోపెడై, 34 లక్షల టన్నులనుకున్న సామర్థ్యాన్ని 30 లక్షలకు కుదించారు. వడ్డీల్ని కుదించడం ఎవరి తరమూ కాలేదు.

అన్నిటికంటే పెద్ద లోటు సొంత ఇనుప గని. టాటా స్టీల్‌కు ఉంది, ప్రభుత్వ ఉక్కు సంస్థ సెయిల్‌కు ఉంది. విశాఖ మాత్రం ఛత్తీస్‌గఢ్‌లోని బైలదిల్లా ఖనిజాన్ని ప్రభుత్వ గనుల సంస్థ ఎన్‌ఎండీసీ దగ్గర కొనుక్కుని, కొత్తవలస–కిరండూల్ రైలు లైన్లో ఘాట్లు దింపి తెచ్చుకోవాలి. ఉక్కు తయారీకి కావాల్సిన కోకింగ్ బొగ్గుకేమో విదేశీ ఓడల కోసం ఎదురుచూడాలి.

ఇక్కడి బ్లాస్ట్ ఫర్నేసులకు, అంటే ఖనిజాన్ని కరిగించే భారీ కొలిములకు, గోదావరి, కృష్ణ, అన్నపూర్ణ అని ముచ్చటైన పేర్లు పెట్టారు. వంటింట్లో గ్యాస్ పొయ్యిలా వీటిని కట్టేసి మళ్లీ వెలిగించుకోవడం కుదరదు. వేడి పడిపోతే లోపల కరిగినదంతా గడ్డకడుతుంది, దాన్ని మళ్లీ దారికి తేవడం పెద్ద యజ్ఞం. అందుకే యార్డులో ఖనిజం, బొగ్గు ఎన్ని రోజులకు సరిపోతాయన్నదే అక్కడి వాళ్ల రోజువారీ టెన్షన్.

ఉక్కు ధర బాగున్న రోజుల్లో లాభాలు కళ్లజూశారు. 2006లో సామర్థ్యాన్ని 63 లక్షల టన్నులకు పెంచే పనులు మొదలయ్యాయి, తర్వాత లక్ష్యం 73 లక్షలకు చేరింది. విస్తరణకు అప్పులొచ్చాయి గానీ గని మాత్రం రాలేదు. పైగా ఇదే కంపెనీ నెత్తిన యూపీలో రాయ్‌బరేలీ దగ్గర లాల్‌గంజ్‌లో రైలు చక్రాల ఫ్యాక్టరీ ఒకటి! టార్గెట్లు ఖరారయ్యేది ఢిల్లీలో, స్టాకు లెక్క చూసుకునేది ప్లాంటు టౌన్‌షిప్ ఉక్కునగరంలో. ఈ రెండు కాగితాలనూ పక్కపక్కన పెట్టి చూసినట్టు నాకైతే అనిపించదు.

2021-22లో 913 కోట్ల లాభం వస్తే అంతా సర్దుకుందనుకున్నారు. 2023-24 నష్టం 4,848 కోట్లు. బొగ్గు కొనడానికి చేతిలో డబ్బాడక, 2024 సెప్టెంబరు నాటికి మూడింటిలో ఒక్క ఫర్నేసే మండుతుండేది.

2025 జనవరి 17న కేంద్రం 11,440 కోట్ల ప్యాకేజీ ప్రకటించింది. అందులో 10,300 కోట్లు ఈక్విటీ, అంటే వాటా పెట్టుబడి, మిగతా 1,140 కోట్లు రోజువారీ ఖర్చులకు తీసుకున్న పాత వర్కింగ్ క్యాపిటల్ రుణాన్ని షేర్లుగా మార్చడం. గని ఊసు అందులోనూ లేదు.