అవ్వ చెప్పిన వెలుగు చెట్టు

కళ్యాణదుర్గం దగ్గర మా ఊళ్లో ఎండాకాలం రాత్రులు మిద్దె మీదే పడక. పడుకున్నాక అవ్వ ఒక చెట్టు కథ చెప్పేది. కొండ మీద, రాత్రిపూట తనంతట తానే వెలిగే చెట్టు. గొర్రెలు తోలుకుపోయినవాడొకడు దాని కింద కాసేపు నడుం వాల్చి, లేచి ఊళ్లోకొస్తే, వాడి మనవడికి గడ్డం నెరిసిపోయి ఉందట. పురాణాల్లోనూ ఇలాంటిది ఉంది. కూతురు రేవతికి వరుడెవరో అడగడానికి బ్రహ్మలోకం వెళ్లిన కకుద్మి తిరిగొచ్చేసరికి భూమ్మీద యుగాలు గడిచిపోయాయి.

వెలగడం, కాలాన్ని మార్చడం: ఈ రెండూ ఒకే మొక్కలో ఎలా కలిశాయా అని పెద్దయ్యాక చాలాసార్లు ఆలోచించాను. మొక్కల గురించి చదివేకొద్దీ, ఆ జత అంత వింతేమీ కాదనిపించింది.

వెలుగు సంగతి త్వరగా చెప్పేస్తాను. మిణుగురులు వెలుగుతాయి, కొన్ని పుట్టగొడుగులు వెలుగుతాయి. పూలు పూసే మొక్కల్లో మాత్రం సహజంగా అలా వెలిగేది ఇంతవరకూ ఒక్కటీ కనబడలేదు. 1986లో అమెరికా శాస్త్రవేత్తలు మిణుగురు జన్యువును పొగాకు మొక్కలో పెట్టారు. లూసిఫెరిన్ అనే రసాయనం కలిపిన నీళ్లు పోస్తేనే అది వెలిగింది. 2020 నాటికి పుట్టగొడుగు జన్యువులతో, ఏదీ పోయకుండానే వెలిగే పొగాకు మొక్కలు వచ్చాయి. 2024 నుంచి అమెరికాలో అలాంటి పెటూనియా మొక్కలను కుండీల్లో పెంచుకోవడానికి అమ్ముతున్నారు. లేత ఆకుపచ్చ వెలుగు, వెన్నెలలా మసకగా ఉంటుంది.

నాకు ఎక్కువ ఇష్టమైనది కాలం సంగతి. పొద్దు గుంకే వేళ చింతచెట్టు కింద నిలబడి తలెత్తి చూడండి. రెమ్మకు రెండు వైపులా ఉన్న చిట్టి ఆకులు జతలు జతలుగా దగ్గరికొచ్చి, దండం పెట్టినట్టు ముడుచుకుంటాయి. చీకటి పడింది కాబట్టే అనుకుంటాం. 1729లో ద మైరాన్ అనే ఫ్రెంచి ఖగోళ శాస్త్రవేత్త అత్తిపత్తి మొక్కను చీకట్లో ఉంచి చూశాడు. ఎండ తగలకపోయినా పగటివేళకు ఆకులు విచ్చుకున్నాయి, రాత్రివేళకు ముడుచుకున్నాయి.

ఇది చదివిన వారం, అప్పుడు నేను తొమ్మిదో తరగతి, అత్తిపత్తి కుండీని అవ్వ పాత చెక్కపెట్టెలో పెట్టి రాత్రి మూతేశాను. పొద్దున ఎనిమిదింటికి, ఎక్కడ కదిలిపోతుందోనని ఊపిరి బిగబట్టి, మూత బెత్తెడు ఎత్తి టార్చి వేశాను. ఆకులన్నీ విప్పారి ఉన్నాయి. మూతకు తగిలిన ఒక్క రెమ్మ మాత్రం నా కళ్లముందే ముడుచుకుంది. పెట్టెలో తెల్లవారిందని దానికి ఎవరు చెప్పారు?

గడియారం మొక్క లోపలే ఉంది. కొన్ని జన్యువులు ప్రోటీన్లు తయారు చేయిస్తాయి. ఆ ప్రోటీన్లు పేరుకున్నాక, తమను పుట్టించిన జన్యువులనే అణిచేస్తాయి. అవి కరిగిపోయాక పని మళ్లీ మొదలు. ఒక చుట్టు తిరగడానికి సుమారు 24 గంటలు. పండ్ల ఈగల్లో ఇలాంటి గడియారాన్నే విప్పి చూపినందుకు హాల్, రోస్‌బాష్, యంగ్‌లకు 2017లో నోబెల్ వచ్చింది. చుట్టు సరిగ్గా 24 గంటలు కాదు కాబట్టి, రోజూ పొద్దుటి వెలుగు దాన్ని సరిచేస్తూ ఉంటుంది. అంటే గడియారం తనంతట తానే తిరిగినా, దాని ముల్లును సరైన చోటికి జరిపేది వెలుగే.

ఈ కిటుకు రైతులకు తెలుసు. బెంగళూరు నుంచి రాత్రి బస్సులో అనంతపురం వస్తుంటే, చిక్కబళ్లాపురం దగ్గర చామంతి తోటల్లో వరసగా బల్బులు వెలుగుతూ కనబడతాయి. చామంతి లెక్కపెట్టేది రాత్రి పొడవును. రాత్రులు పొడవైతేనే మొగ్గ తొడుగుతుంది. నడిరాత్రి వెలుగు పడితే ఒక పెద్ద రాత్రి రెండు చిన్న రాత్రులుగా తెగిపోతుంది. ఇంకా పొద్దులు పొడవుగానే ఉన్నాయనుకుని మొక్క ఆకులు, కాడలు పెంచుకుంటూ పోతుంది. మా చిన్నాయన అరెకరంలో చామంతి వేసినప్పుడు ఒక్క ముక్కలో చెప్పాడు: "లైటు వేస్తే ఆకు, ఆపితే మొగ్గ." ఉగాదికి పూలు కోతకు రావాలంటే ఏ రాత్రి స్విచ్ ఆపాలో వేళ్ల మీద వెనక్కి లెక్కేసుకునేవాడు. అప్పటిదాకా రాత్రి కరెంటు పోయిందంటే ఆయనకు టెన్షనే.

అవ్వ చెట్టుకు అన్నిటికన్నా దగ్గరగా వచ్చిన మొక్క మాత్రం 1995లో ఒక ప్రయోగశాలలో దొరికింది. ఆవాల కుటుంబానికి చెందిన అరబిడోప్సిస్ అనే చిన్న మొక్క అది. ఆండ్రూ మిల్లర్, స్టీవ్ కే బృందం దాని గడియారం చెప్పినట్టు నడిచే ఒక జన్యు స్విచ్‌కు మిణుగురు జన్యువును తగిలించింది. దాంతో గడియారం తిరిగేకొద్దీ మొక్క వెలుగు హెచ్చేది, తగ్గేది. కంటికి ఆనని ఆ వెలుగును కెమెరాలతో కొలుస్తూ, వేల మొలకల్లో గడియారం తప్పినవాటిని వెతికారు. అలా ఒక రకం దొరికింది. మార్పు లేకుండా ఒకేలా వెలుతురు ఉంచితే, దానికి రోజు 21 గంటలకే అయిపోతోంది. మనకు ఏడు రోజులు గడిచేసరికి దానికి ఎనిమిది. పాడైన ఆ జన్యువుకు టాక్1 అని పేరు పెట్టారు.

అవ్వ కథలో కాలం మారింది చెట్టు కింద పడుకున్నవాడికి. ఇక్కడ మారింది మొక్కకే. టాక్1 కుటుంబానికి చెందిన జన్యువులు మన వరిలోనూ ఉన్నాయి. పైరు ఎప్పుడు వెన్ను తీయాలన్నది తేల్చడంలో వాటిలో ఒకదానికి పాలుంది.