ఉర్లగడ్డకీ పాలకీ మధ్య సున్నం

కనిగిరి, పొదిలి వైపు బోరు నీళ్లతో కందిపప్పు ఒక పట్టాన ఉడకదు. కుక్కరు ఆరేడు విజిల్స్ వేసినా బద్ద బద్దగానే ఉంటుంది. అదే పప్పుకు క్యాన్ నీళ్లు పోసి పెడితే మూడు విజిల్స్‌కే వెన్నలా మెదుగుతుంది. తప్పు పప్పుది కాదు, నీళ్లలో కరిగి ఉన్న సున్నానిది. రసాయన శాస్త్రం మాటలో చెప్పాలంటే కాల్షియానిది.

ఈ కాల్షియమే మరో వంటకంలో అడుగడుగునా అడ్డొస్తుంది. పల్చగా తరిగిన బంగాళాదుంపల్ని పాలు, మీగడ, చీజ్‌తో కలిపి పళ్లెంలో పేర్చి, పైన ఎర్రగా కాలేదాకా ఓవెన్‌లో ఉంచే గ్రాటిన్ అది. ఓటీజీలనే చిన్న కరెంటు ఓవెన్లు ఇళ్లలోకి వచ్చాక నెల్లూరు, ఒంగోలులో కూడా చాలామంది దీన్ని ప్రయత్నిస్తున్నారు. చెడిపోతే మూడు రకాలుగా చెడిపోతుంది. గంటసేపు కాల్చినా ముక్క కరకరలాడుతుంది. పాలు విరిగి పలుకులు తేలతాయి. చీజ్ నూనె కక్కి రబ్బరులా మిగులుతుంది. మూడూ వేరువేరు తప్పుల్లా కనిపిస్తాయి గానీ, మూడింట్లోనూ కాల్షియం చెయ్యి ఉంది. దాన్ని ఎక్కడ పట్టు వదిలించాలో, ఎక్కడ కదలకుండా ఉంచాలో తెలిస్తే వంట సగం అయినట్టే.

దీని పుట్టిల్లు ఆగ్నేయ ఫ్రాన్సులోని దోఫినే ప్రాంతం. 1788 జులై 12న అక్కడి గాప్ పట్టణంలో జరిగిన ఒక అధికారిక విందులో వడ్డించినట్టు నమోదై ఉంది. అసలు దోఫినే పద్ధతిలో చీజ్ వెయ్యరు. అది పక్కనున్న సవోయ్ వాళ్ల అలవాటు. గ్రాటిన్ అనే పేరు ఫ్రెంచిలో గోకడం అనే క్రియ నుంచి వచ్చింది. పాలు కాచిన గిన్నెలో గోకుడు కోసం పిల్లలు పోటీపడే మన ఇళ్లలో ఆ పేరుకు వేరే వివరణ అక్కర్లేదు.

ముందు దుంప సంగతి. నెల్లూరు వైపు ఉర్లగడ్డ అంటాం గానీ, ఇక్కడి తీరపు నేలల్లో అది చెప్పుకోదగ్గ పంట కాదు. గడ్డ బాగా ఊరాలంటే రాత్రిళ్లు 20 డిగ్రీల లోపు చల్లదనం కావాలి. అందుకే మన బజారు ఎక్కువగా బయటి నుంచి లారీల్లో వచ్చే సరుకు మీద ఆధారపడుతుంది. ఉత్తరాదిలో ఫిబ్రవరి, మార్చిలో తవ్విన దుంపను కోల్డ్ స్టోరేజీల్లో 2 నుంచి 4 డిగ్రీల దగ్గర పెట్టి నెలల తరబడి విడుదల చేస్తుంటారు. అంత చలిలో దుంప తన పిండిలో కొంత చక్కెరగా మార్చుకుంటుంది. దసరా, దీపావళి రోజుల్లో కొన్న దుంప తియ్యగా ఉండటం, వేపుడు ఉడక్కముందే నల్లబడటం ఇందువల్లే. గ్రాటిన్ పైభాగం కూడా అలాగే తొందరగా మాడుతుంది. అలాంటి దుంపను వారం పది రోజులు వెలుతురు తగలని చోట, గోనె మీద గాలాడేలా ఆరబోస్తే చక్కెర కొంత తగ్గుతుంది. ఫ్రిజ్‌లో పెడితే మళ్లీ పెరుగుతుంది.

రకం కూడా ముఖ్యమే. సిమ్లాలోని కేంద్ర బంగాళాదుంప పరిశోధన సంస్థ విడుదల చేసే రకాల పేర్లు కుఫ్రీతో మొదలవుతాయి. కుఫ్రీ సిమ్లా దగ్గరి ఊరు. 1968లో వచ్చిన కుఫ్రీ జ్యోతి ఈ వంటకు చక్కగా సరిపోతుంది. చిప్సోనా రకాలు చిప్స్ కోసం పుట్టినవి, పిండి ఎక్కువ. పుఖ్రాజ్‌లో నీరు ఎక్కువ. కానీ బస్తా మీద రకం పేరు ఎవరు రాస్తారు? దానికి ఉప్పునీళ్ల పరీక్ష ఉంది. లీటరు నీళ్లలో 110 గ్రాముల ఉప్పు పూర్తిగా కరిగిస్తే దాని సాంద్రత 1.07 దగ్గర ఉంటుంది. కడిగిన దుంపను అందులో వదలండి. పిండి ఎక్కువున్నది బుడుంగున మునిగి అడుగున కూర్చుంటుంది. నీటి దుంప నెమ్మదిగా పైకి లేచి వీపు చూపిస్తుంది. మునిగిన వాటిని 4 మిల్లీమీటర్ల మందాన తరగాలి, లేకపోతే చెదిరిపోతాయి. తేలిన వాటిని 3 మిల్లీమీటర్లకు తరిగి, పాలలో ఒక టేబుల్ స్పూన్ బియ్యప్పిండి కలుపుకోవాలి. రెండు రకాలూ కలిపి మాత్రం పేర్చకండి. ఒకటి మెదిగిపోయేసరికి రెండోది పచ్చిగా ఉంటుంది. పచ్చరంగు తిరిగిన చోటు, మొలకలు ఉంటే లోతుగా తీసేయాలి.

ఇక దుంప ఎందుకు ఉడకదో చూద్దాం. దుంపలోని కణాల్ని ఒకదానికొకటి అంటించి ఉంచేది పెక్టిన్ అనే జిగురు. పాతకాలపు గోడలో ఇటుకల మధ్య సున్నపు గార ఎలాంటిదో ఇది అలాంటిది. పోలిక మాటవరసకు కాదు, ఈ జిగురును గట్టిపరిచేది కూడా కాల్షియమే. దుంప మెత్తబడటమంటే వేడికి ఈ జిగురు కరిగి కణాలు విడిపోవడం. నీళ్లలో కాల్షియం ఎక్కువుంటే జిగురు కరగదు. బోరు నీళ్ల పప్పు కథ ఇదే. పులుపున్నా కరగదు. చింతపండు పులుసులో ముందే వేసిన దుంప ఎంతకీ ఉడకదని ప్రతి వంటింటికీ తెలుసు. పాలలో కాల్షియం ఉంది, గేదె పాలలో ఆవు పాలకన్నా ఎక్కువే ఉంది. అందుకే దుంప పాలలో నీళ్లలోకన్నా ఆలస్యంగా ఉడుకుతుంది.

దీనికి తోడు ఇంకో చిక్కు. దుంపలో ఒక ఎంజైమ్ ఉంటుంది. 50 నుంచి 65 డిగ్రీల మధ్య అది చురుగ్గా పనిచేసి, పెక్టిన్‌కు కాల్షియం అతుక్కోవడానికి కొత్త చోట్లు తెరుస్తుంది. ఒకసారి అలా బిగిసిన ముక్క ఆ తర్వాత ఎంత కాగినా పూర్తిగా మెత్తబడదు. 70 డిగ్రీలు దాటి వేడెక్కితే ఎంజైమ్ చచ్చిపోతుంది. పచ్చి ముక్కల్ని చల్లని పాలతో పళ్లెంలో పేర్చి నేరుగా ఓవెన్‌లో పెడితే, మధ్యలోని ముక్కలు ఆ 50-65 మధ్య చాలాసేపు నానతాయి. గంటన్నర కాల్చినా కరకరలాడేది ఆ ముక్కలే.

కాబట్టి ముందు పొయ్యి మీద సగం పైగా ఉడికించుకోవాలి. కిలో దుంపలకు 600 మిల్లీలీటర్ల ఫుల్ క్రీమ్ పాలు, 8 గ్రాముల ఉప్పు, చితక్కొట్టిన తెల్లగడ్డ రేకలు నాలుగు, మిరియాల పొడి, గీరిన జాజికాయ చిటికెడు తీసుకోండి. వెడల్పాటి మందపు గిన్నెలో పాలు పొంగేదాకా మరగనిచ్చి, ముక్కల్ని మూడు విడతలుగా వెయ్యండి. కిలో ముక్కలూ ఒక్కసారే కుమ్మరిస్తే మరిగే పాలు కూడా 60 డిగ్రీలకు పడిపోయి, మనం తప్పించుకోవాలనుకున్న చోటికే చేరతాయి. విడత విడతకూ పాలు మళ్లీ మరగాలి. తరిగిన ముక్కల్ని కడగొద్దు. వాటి మీదున్న పిండి 60 డిగ్రీలు దాటాక ఉబ్బి పాలను చిక్కబరుస్తుంది. కడిగేస్తే పళ్లెం అడుగున పల్చటి నీళ్లు తేలతాయి. అడుగంటకుండా అట్లకాడతో కిందినుంచి నెమ్మదిగా కదుపుతూ, సన్న సెగ మీద పది పన్నెండు నిమిషాలు ఉంచండి. చాకు మొన దిగేటప్పుడు కొంచెం పట్టినట్టుంటే దించెయ్యాలి.

ఈ దశలోనే పాలు విరిగే భయం. పాలలోని కేసీన్ ప్రోటీన్ చిన్న చిన్న ఉండలుగా తేలుతుంటుంది, ఆ ఉండల్ని లోపల కట్టి ఉంచేది కాల్షియం ఫాస్ఫేట్. పులుపు తగిలితే ఆ కట్టు సడలి, ఉండలు ఒకదాన్నొకటి పట్టుకుని పలుకులవుతాయి. చల్లని పాలు విరగాలంటే పీహెచ్ (పులుపు కొలత, ఎంత తగ్గితే అంత పులుపు) 4.6 దాకా దిగాలి గానీ, మరిగే పాలకు అంత పులుపు అక్కర్లేదు. దుంపకు స్వతహాగా కొద్దిపాటి ఆమ్లత్వం ఉంది. పొయ్యి మీదుండగా బెల్లం వేస్తే పరమాన్నం విరిగినట్టే ఇక్కడా జరుగుతుంది. ఎండాకాలం తెల్లవారి పోసిన పాలు మధ్యాహ్నానికి పులవడం మొదలుపెట్టి ఉంటాయి, వాసనకు తెలియదు. ముందు ఒక చిన్న గిన్నెలో పావు కప్పు మరగబెట్టి చూడటం మంచిది. వారం రోజులుగా వెన్న కోసం కూడబెట్టిన మీగడ దీనికి అసలు పనికిరాదు, అది పులిసి ఉంటుంది.

జాగ్రత్తకు చిటికెడు వంటసోడా వెయ్యొచ్చు. దుంప పులుపును అణిచి పాలను కాపాడుతుంది, పెక్టిన్‌ను కూడా వదులు చేస్తుంది. ఎనిమిదో వంతు టీస్పూన్ దాటితే సబ్బు రుచి వస్తుంది. కొవ్వు తక్కువున్న పాలు తొందరగా విరుగుతాయి. టోన్డ్ పాలలో 3 శాతం, ఫుల్ క్రీమ్‌లో 6 శాతం కొవ్వు ఉంటుంది. ఇక్కడ పొదుపుకు పోవద్దు. 25 శాతం కొవ్వున్న ఫ్రెష్ క్రీమ్ 200 మిల్లీలీటర్ల ప్యాకెట్టు ఒకటి, పొయ్యి ఆపాకే కలపాలి. ఎర్రగడ్డలు వెయ్యాలనుంటే ముందు వెన్నలో నీరు ఇంకేదాకా వేయించి వెయ్యండి. టమాటా జోలికి మాత్రం వెళ్లొద్దు.

చీజ్ దగ్గర కాల్షియం మళ్లీ ఎదురవుతుంది. చీజ్‌లో కేసీన్ వలలా అల్లుకుని, ఆ వల కన్నుల్లో కొవ్వు ఇరుక్కుని ఉంటుంది. వల ముడులు కాల్షియంతో పడ్డవే. చెడ్డార్ లాంటి మామూలు గట్టి చీజ్‌ను ఎక్కువసేపు వేడిచేస్తే వల ముడుచుకుని కొవ్వును బయటికి పిండేస్తుంది. పైన పసుపు నూనె, కింద రబ్బరు మిగులుతాయి. 1911లో స్విట్జర్లాండులో వాల్టర్ గెర్బర్, ఫ్రిట్జ్ స్టెట్లర్ అనే ఇద్దరు సోడియం సిట్రేట్ కలిపి ఈ చిక్కు విప్పారు. సిట్రేట్ కాల్షియాన్ని లాక్కుని సోడియాన్ని ఇస్తుంది, ముడులు సడలి కేసీన్ కొవ్వు చుట్టూ పరుచుకుంటుంది. అలా పుట్టిందే ప్రాసెస్డ్ చీజ్, మన షాపుల్లో దొరికే క్యూబులు, బ్లాకులు ఎక్కువగా అవే. పెట్టె వెనక ఎమల్సిఫయర్లు అన్నచోట 331 ఉంటే సిట్రేట్, 339 ఉంటే ఫాస్ఫేట్. ఇది నూనె కక్కదు గానీ తీగలా సాగదు. సాగేది మోజరెల్లా. కనుక 100 గ్రాముల ప్రాసెస్డ్ చీజ్ తురిమి లోపల కలిపి, 100 గ్రాముల మోజరెల్లా పైన చల్లుకుంటే రెండు గుణాలూ దక్కుతాయి. పనీర్ వేస్తే సరిపోదా అంటే సరిపోదు. వేడి పాలను పులుపుతో విరిచినప్పుడే అందులోని ప్రోటీన్లు పెనవేసుకుపోయాయి, ఇక ఎంత కాల్చినా కరగవు.

చెడ్డారే వాడాలనుకుంటే సిట్రేట్ ఇంట్లో చేసుకోవచ్చు. 4 గ్రాముల నిమ్మఉప్పు, 5 గ్రాముల వంటసోడా 50 మిల్లీలీటర్ల నీళ్లలో వేస్తే బుసబుసా పొంగుతుంది. పొంగు పూర్తిగా అణిగాక గిన్నెలో మిగిలింది సోడియం సిట్రేట్ ద్రావణం, 200 గ్రాముల చెడ్డార్‌కు సరిపోతుంది. పొదలకూరు నిమ్మకాయ రసం పిండి చేద్దామనుకోవద్దు, పులుపు కాయకో తీరుగా ఉండి లెక్క కుదరదు. షాపులో నిమ్మఉప్పు కూడా నిమ్మకాయల్లోంచి తీసింది కాదు, చక్కెరను ఒక రకం బూజుతో పులియబెట్టి తయారుచేస్తారు.

కలిపినదంతా వెన్న రాసిన 20 సెంటీమీటర్ల చదరపు గాజు పళ్లెంలోకి ఒంపి, ముక్కలు పాలలో మునిగేలా అట్లకాడతో అదమండి. బయటికి పొడుచుకొచ్చిన అంచు ఎండి నల్లబడుతుంది. ముందే వేడెక్కిన ఓటీజీలో 180 డిగ్రీల దగ్గర, మధ్య అరలో, ఫాయిల్ కప్పి 25 నిమిషాలు. తర్వాత ఫాయిల్ తీసి, మోజరెల్లా చల్లి, 200 డిగ్రీల దగ్గర 12 నుంచి 15 నిమిషాలు. ఎర్రటి రంగూ ఆ కమ్మటి వాసనా పైపొర ఆరి 140 డిగ్రీలు దాటాకే పుడతాయి, తడిగా ఉన్నంతసేపు 100 దాటదు. చిన్న ఓటీజీల్లో పై రాడ్ బాగా దగ్గరగా ఉంటుంది, పదో నిమిషం నుంచి కన్నేసి ఉంచండి. ఓవెన్ లేకపోతే దుంప పూర్తిగా ఉడికించి, నేతిలో ఎర్రగా వేయించిన బొంబాయి రవ్వ పైన చల్లుకోవచ్చు. కరకర వస్తుంది, కాలిన చీజ్ వాసన రాదు. కట్టెల పొయ్యి రోజుల్లో మూత మీద నిప్పులు పోసి రొట్టె కాల్చింది ఈ పైసెగ కోసమే.

తీసిన వెంటనే కోస్తే పాలు పారిపోతాయి. పావుగంట ఆగితే పిండి చల్లారుతూ బిగుసుకుని ముక్క నిలబడుతుంది. ఆరుగురికి వస్తుంది. కారంగా వేయించిన రొయ్యల పక్కన చాలా బాగుంటుంది, ఆ ఘాటును ఈ వెన్నదనం సర్దుతుంది.

మిగిలితే మన ఎండలకు రెండు గంటల లోపే ఫ్రిజ్‌లోకి చేర్చాలి. రాత్రి అన్నం పొద్దునకు గట్టిపడ్డట్టే ఇందులోని పిండీ గట్టిపడి, అంచుల్లో కాస్త నీరు వదులుతుంది. పైన రెండు చెంచాల పాలు చిలకరించి, ఫాయిల్ కప్పి, 160 డిగ్రీల దగ్గర పావుగంట వేడిచేస్తే ఆ పిండి మళ్లీ సడలుతుంది. మైక్రోవేవ్‌లో ఫుల్ పవర్ మీద పెడితే చీజ్ ముడుచుకుంటుంది, సగం పవర్ మీద నిమిషం నిమిషం ఆపుతూ పెట్టాలి.