పన్నెండేళ్లకే ఓడెక్కిన కాలింగ్‌వుడ్

చిరంజీవులకు తాతయ్య ఆశీస్సులు.

తెరచాప ఓడల కాలంలో బ్రిటిష్ నౌకాదళంలో ఆఫీసర్ కావాలంటే ఏం చదవాలని అడిగారు కదా. చదువు కంటే ముందు, చిన్న వయసులోనే ఓడెక్కాలి. ఆ దళంలో అడ్మిరల్ దాకా ఎదిగిన, నాకెంతో ఇష్టమైన కత్‌బర్ట్ కాలింగ్‌వుడ్ సంగతి చెప్తాను.

ఆయన 1748లో న్యూకాజిల్‌లో పుట్టాడు. 1761లో, పన్నెండేళ్లప్పుడు, బంధువు కెప్టెన్‌గా ఉన్న షానన్ అనే ఓడెక్కాడు. ఇంటి మీద బెంగతో ఏడుస్తుంటే ఒక లెఫ్టినెంట్ (కెప్టెన్ కింది ఆఫీసర్) వచ్చి ఊరడించాడు. పిల్లాడు సంతోషం పట్టలేక ఆయన్ని తన పెట్టె దగ్గరికి తీసుకెళ్లి పెద్ద ప్లమ్ కేకు ముక్క చేతిలో పెట్టాడు!

లెఫ్టినెంట్ కావాలంటే కనీసం ఆరేళ్లు సముద్రం మీద గడిపి పరీక్ష పాసవ్వాలి. పాసైనా పోస్టు ఖాళీ ఉండాలి, పలుకుబడి ఉన్నవాళ్ల మాటసాయమూ కావాలి. కాలింగ్‌వుడ్‌కి ఆ హోదా 1775లో గానీ రాలేదు. 1780లో పూర్తిస్థాయి కెప్టెన్ అయ్యాడు. అక్కణ్ణించి అంతా సీనియారిటీయే, పైవాళ్లు తప్పుకుంటేనే ముందుకు జరుగుతారు. అడ్మిరల్ హోదాల్లో మొదటిది అందేసరికి 1799 వచ్చింది. మధ్యలో యుద్ధం లేనప్పుడు ఓడ ఇవ్వరు, సగం జీతంతో ఇంట్లో కూర్చోవాలి.

అసలు నేను చెప్పాలనుకున్నది ఇది. ఆ రోజుల్లో నావికుడు తప్పు చేస్తే కొరడా దెబ్బలు మామూలే. కాలింగ్‌వుడ్‌కి అది నచ్చేది కాదు. నావికులకిచ్చే రమ్ములో నీళ్లు ఎక్కువ కలిపించడం, అదనపు పని చెప్పడం లాంటి శిక్షలతో సరిపెట్టేవాడు. కానీ ఫిరంగుల సాధన దగ్గర మాత్రం అస్సలు రాజీ పడేవాడు కాదు. ఓడ ఒక పక్కనున్న ఫిరంగులన్నిటినీ అయిదు నిమిషాల్లో మూడుసార్లు గురితప్పకుండా పేల్చగలిగితే ఏ ఓడా మనముందు నిలవదని మనుషులకి చెప్పేవాడు. సాధన చేయగా చేయగా వాళ్లు మూడున్నర నిమిషాల్లోనే పేల్చారు. భయపెట్టకుండా పని నేర్పవచ్చని చూపించాడు కాబట్టే ఆయనంటే నాకంత గౌరవం.

1805 అక్టోబరు 21న ఫ్రెంచి, స్పానిష్ ఓడలతో జరిగిన ట్రఫాల్గర్ యుద్ధంలో శత్రువరుసను మొదట ఛేదించింది ఆయన ఓడ రాయల్ సావరిన్. బ్రిటిష్ దళాన్ని నడిపిస్తున్న అడ్మిరల్ నెల్సన్ చనిపోవడంతో దళం బాధ్యత ఆయన మీద పడింది. 1803లో ఇల్లు వదిలినవాడు మళ్లీ ఇంటిముఖం చూడలేదు. కూతుళ్లకు గణితం, ఖగోళశాస్త్రం నేర్పిస్తే బాగుంటుందని భార్యకు ఉత్తరం రాశాడు. ఒంట్లో బాగోలేక సెలవు అడిగితే, మీరు లేకపోతే ఎలా అన్నారు పైవాళ్లు. చివరికి 1810లో ఇంటికి బయల్దేరి, మర్నాడే, మార్చి 7న, ఓడలోనే కన్నుమూశాడు.

ఓడల్లో తిండి ఎలా ఉండేదో వచ్చే ఉత్తరంలో రాస్తాను.

ప్రేమతో,
తాతయ్య