ఒక్క ఫైలు లేక ఆగిన ధర్మకాంటా

యాసంగి వడ్లు మిల్లులకు వచ్చే రోజులు. నల్లగొండలో మా రిపేరు షాపు షట్టర్ ఇంకా సగమే లేపాను, మిర్యాలగూడ దగ్గరి ఒక రైస్ మిల్లు నుంచి ఫోన్ వచ్చింది. "అన్నా, కొత్త కంప్యూటర్ పెట్టినం. అన్నీ మంచిగనే వస్తున్నయ్ గానీ కాంటా మాత్రం మాట్లాడ్తలేదు" అన్నాడు గుమాస్తా.

నేను వెళ్లేసరికి ధర్మకాంటా ముందు ట్రాక్టర్లు రోడ్డు దాకా నిలబడి ఉన్నాయి. కాంటాకు ఏ రోగమూ లేదు. గదిలో ఇండికేటర్ మీద ఎర్ర అంకెల్లో బరువు చక్కగా కనిపిస్తోంది. ఆ అంకె చూసి గుమాస్తా చేత్తో చిట్టీ రాసిస్తున్నాడు, రైతులు ఒప్పుకోవడం లేదు. "మిషన్ చిట్టీ ఇయ్యి బిడ్డా, చేతి చిట్టీ ఎవనికి గావాలె" అని ఒక పెద్దాయన గట్టిగానే అడుగుతున్నాడు. ఆయన అడిగిన దాంట్లో తప్పేం లేదు. చేత్తో రాసేటప్పుడు ఒక అంకె అటూ ఇటూ అయితే క్వింటాళ్లు పోతాయి.

పాత కంప్యూటర్‌లో మదర్‌బోర్డు మీది కెపాసిటర్లు ఉబ్బి పేలిపోయాయి. అందులో ఉన్నది విండోస్ ఎక్స్‌పీ. కొత్త దాంట్లో విండోస్ 11. కాంటా ప్రోగ్రాం ఫోల్డర్‌ను పాత హార్డ్‌డిస్క్ నుంచి ఎవరో కాపీ చేసి డెస్క్‌టాప్ మీద పెట్టారు. డబుల్ క్లిక్ చేస్తే చిన్న పెట్టె ఒకటి తెరుచుకుంటోంది. రన్‌టైమ్ ఎర్రర్ 339. ఎంఎస్‌కామ్32.ఓసీఎక్స్ అనేది సరిగ్గా నమోదు కాలేదు, ఫైలు లేదు లేదా పనికిరాదు అని దాని సారాంశం. ఓకే నొక్కితే అంతే సంగతులు.

ప్రోగ్రాం రాసినాయన ఎక్కడున్నాడంటే ఎవరికీ తెలియదు. ఇరవై ఏళ్ల కిందటి మాట. సీడీ ఉందా అంటే గుమాస్తా నవ్వాడు.

ప్రోగ్రాం మొత్తం కళ్లెదురుగానే ఉంది. అయినా లేవడం లేదు. ఎందుకంటే ఏ ప్రోగ్రామూ తన పనంతా తానే చేసుకోదు. చాలా పనులకు లైబ్రరీ ఫైళ్ల మీద ఆధారపడుతుంది. లైబ్రరీని గ్రంథాలయం అని తెలుగు చేస్తే చదివేవాళ్లు పుస్తకాల బీరువాలను ఊహించుకుంటారు. నన్నడిగితే టెంట్ హౌస్ అంటేనే దగ్గరగా ఉంటుంది. ఇంట్లో పెళ్లయితే ఐదువందల మందికి వండడానికి పెద్ద గంజులు, షామియానా, కుర్చీలు కావాలి. వాటిని ఎవరూ కొని ఇంట్లో పెట్టుకోరు. ఊళ్లో టెంట్ హౌస్ ఉంటుంది, కావలసినప్పుడు తెచ్చుకుంటారు. మనం చూసుకోవలసింది పెళ్లి పని.

కాంటా ప్రోగ్రాం కూడా అంతే. నిండు బండి బరువులోంచి ఖాళీ బండి బరువు తీసేసి వడ్ల బరువు తేల్చడం దాని సొంత పని. తెర మీద కిటికీ గీయడం, తేదీ అడగడం, ప్రింటర్‌కు పంపడం, ఇండికేటర్ నుంచి సీరియల్ కేబుల్‌లో వచ్చే అంకెలు అందుకోవడం, ఇవన్నీ అరువు పనులు. ఏ పనికి ఏ ఫైలు దగ్గరికి వెళ్లాలో ఆ పేర్లు ప్రోగ్రాం లోపలే రాసి ఉంటాయి. మనం డబుల్ క్లిక్ చేయగానే విండోస్ ఆ పేర్లు చదువుతుంది. మామూలుగా ముందు ప్రోగ్రాం ఉన్న ఫోల్డర్‌లో, తర్వాత సిస్టమ్ ఫోల్డర్లలో వెతికి, దొరికిన ఫైలును మెమరీలోకి ఎక్కించి, ఎక్కడికి పోయి ఏం అడగాలో ఆ చిరునామాలు ప్రోగ్రాంలో నింపుతుంది. ఈ ఫైళ్లనే డీఎల్‌ఎల్‌లు అంటారు. ఓసీఎక్స్ కూడా ఆ జాతిదే, పేరు వేరు.

ఈ అరువు పద్ధతి అవసరం కొద్దీ పుట్టింది. 1985లో విండోస్ మొదటి వెర్షన్ వచ్చినప్పుడు అది 256 కిలోబైట్ల మెమరీతో నడవాలి. ఇప్పుడు పొద్దున్నే వాట్సాప్‌లో వచ్చే గుడ్ మార్నింగ్ ఫొటో కూడా దాదాపు అంత ఉంటుంది. అంత ఇరుకులో ప్రతి ప్రోగ్రామూ కిటికీ గీసే కోడ్‌ను సొంతంగా మోసుకొస్తే రెండో ప్రోగ్రాంకు చోటెక్కడిది? అందుకే ఒక్క కాపీ, అందరికీ అదే.

మిల్లు ప్రోగ్రాం రాసింది విజువల్ బేసిక్ 6లో. 1998లో వచ్చిన ఈ సాధనంతో మన దగ్గర ఎన్ని కాంటాలు, ఎన్ని మెడికల్ షాపులు, ఎన్ని ఫైనాన్స్ కంపెనీల లెక్కలు నడిచాయో చెప్పలేం. దాంతో తయారైన ప్రతి ప్రోగ్రాంకూ ఎంఎస్‌విబివిఎం60.డీఎల్‌ఎల్ అనే ఫైలు తప్పనిసరి. ఒకటిన్నర మెగాబైటు కూడా ఉండదు. విజువల్ బేసిక్ 6 సాధనానికి మైక్రోసాఫ్ట్ 2008 ఏప్రిల్‌తోనే మద్దతు ఆపేసింది. కానీ ఈ డీఎల్‌ఎల్‌ను మాత్రం విండోస్ 11లో కూడా కలిపే ఇస్తోంది. నిజానికి మిల్లులో 339 అని చెప్పిన పెట్టెను తెర మీదికి తెచ్చింది కూడా అదే ఫైలు. అంటే ప్రోగ్రాం సగం లేచింది. సీరియల్ కేబుల్ సంగతి చూసే ఎంఎస్‌కామ్32 మాత్రం విండోస్‌తో రాదు. ప్రోగ్రాం రాసినవాళ్లే తమ సెటప్‌లో పెట్టి ఇవ్వాలి. ఇరవై ఏళ్ల కింద ఆయన పెట్టే ఇచ్చి ఉంటాడు, ఆ సీడీయే ఇప్పుడు లేదు.

పాత హార్డ్‌డిస్క్‌ను కన్వర్టర్‌తో తగిలించి వెతకడం మొదలుపెట్టాను. డిస్క్ కరకరమంటోంది, నాకు లోపల టెన్షన్. ఇది కూడా పోతే దారి లేదు.

అరువులో ఉన్న చిక్కేమిటంటే, టెంట్ హౌస్ వాళ్లు గంజులు మార్చేస్తే మన దగ్గరున్న మూతలు పట్టవు. 1990ల్లో జరిగింది ఇదే. కొత్త సాఫ్ట్‌వేర్ ఎక్కించిన ప్రతిసారీ దాని సెటప్ తనకు నచ్చిన డీఎల్‌ఎల్‌ను తెచ్చి సిస్టమ్ ఫోల్డర్‌లో పాతదాని మీద పడేసేది. కొత్తది బాగానే నడిచేది, నిన్నటిదాకా నడిచినది పడకేసేది. ప్రోగ్రామర్లు దీన్ని డీఎల్‌ఎల్ నరకం అన్నారు. ఆ కాలంలో రిపేరు పని నేర్చుకున్నవాణ్ణి, ఆ పేరు ఎక్కువేం కాదు. విండోస్ 2000 తన ముఖ్యమైన ఫైళ్లను ఎవరైనా మారిస్తే వెనక్కి తెచ్చుకోవడం మొదలుపెట్టింది. 2001లో ఎక్స్‌పీ ఇంకో అడుగు వేసి, ఒకే లైబ్రరీకి నాలుగైదు వెర్షన్లున్నా పక్కపక్కనే దాచి, ఎవరికి కావలసింది వాళ్లకు ఇచ్చే ఏర్పాటు చేసింది. విన్‌ఎస్‌ఎక్స్‌ఎస్ అనే ఫోల్డర్ అదే. దాని సైజు చూసి భయపడి డిలీట్ చేయొచ్చా అని నెలకొకరైనా అడుగుతారు. ముట్టుకోకండి. అలాగే కంట్రోల్ ప్యానెల్‌లో విజువల్ సీ ప్లస్ ప్లస్ 2008, 2010, 2013 అని వరుసగా కనిపించేవి ఒకదానికొకటి నకళ్లు కావు. ఒక్కొక్కటి ఒక్కో కాలం నాటి ప్రోగ్రాంకు గంజు.

ఫైలు పేరు అలాగే ఉంచి లోపల మార్చాలంటే లైబ్రరీ రాసేవాళ్లు పాత ప్రోగ్రాంలకు అడ్డు తగలకుండా మార్చాలి. కొత్త పనులు చేర్చవచ్చు, ఉన్న పనుల పేర్లూ వాటికి ఇవ్వాల్సిన సరుకూ మారకూడదు. ఇది చెప్పినంత సులువు కాదు. ఎందుకంటే ప్రోగ్రాంలు లైబ్రరీ ఇచ్చిన మాట మీదనే కాక, దాని అలవాట్ల మీద కూడా ఆధారపడతాయి. సిమ్‌సిటీ అనే ఆట సంగతి జోయెల్ స్పాల్‌స్కీ అనే ప్రోగ్రామర్ రాశారు. ఆ ఆట తాను తిరిగి ఇచ్చేసిన మెమరీని మళ్లీ చదివేది. అది తప్పు. కానీ పాత విండోస్‌లో ఆ చోటును వెంటనే ఎవరూ వాడుకోరు కాబట్టి గడిచిపోయేది. విండోస్ 95లో కూలిపోయింది. మైక్రోసాఫ్ట్ వాళ్లు ఆట తప్పును ఎత్తిచూపలేదు. సిమ్‌సిటీ నడుస్తుంటే మెమరీని వెంటనే వెనక్కి తీసుకోవద్దని విండోస్‌లోనే ప్రత్యేకంగా రాసుకున్నారు. ఆ విండోస్ 95 పాత ప్రోగ్రాంలు అడిగితే తన వెర్షన్ 3.95 అని చెప్పేది. 4 అని నిజం చెబితే వెర్షన్‌ను తప్పుగా సరిచూసే ప్రోగ్రాంలు మొరాయించేవి మరి.

విండోస్ లాంటిదే ఇంకో ఆపరేటింగ్ సిస్టమ్ లైనక్స్. అందులో ఇంకా మంచి కేసు ఒకటి ఉంది. అక్కడ దాదాపు ప్రతి ప్రోగ్రాం వాడుకునే లైబ్రరీ పేరు జీలిబ్‌సీ. మెమరీలో ఒక చోటి సరుకును ఇంకో చోటికి చేర్చే మెమ్‌కాపీ అనే పని అందులో ఉంటుంది. పాత చోటు, కొత్త చోటు ఒకదాని మీదికి ఒకటి రాకూడదని దానికి నియమం. గోదాములో బస్తాల వరుసను రెండడుగులు ఎడమకు జరపాలనుకోండి. ఎడమ కొసనుంచి మొదలుపెడితే ముందు ఖాళీ ఉంది, ఒక్కొక్కటీ జరుగుతూ పోతుంది. కుడి కొసనుంచి మొదలుపెడితే మొదటి బస్తాయే ఇంకో బస్తా మీద పడుతుంది. కంప్యూటర్‌లో అలా పడితే కింది బస్తా చెరిగిపోయినట్టే. పాత మెమ్‌కాపీ ఎడమనుంచే మోసేది. నియమాన్ని పట్టించుకోని ప్రోగ్రాంలు కూడా బతికిపోయేవి. 2010లో వేగం కోసం కొన్ని ప్రాసెసర్ల మీద మోసే దిక్కు మార్చారు. వెంటనే, అప్పట్లో బ్రౌజర్‌లో పాటలూ వీడియోలూ నడిపిన ఫ్లాష్ ప్లేయర్‌లో పాటలు గరగరమన్నాయి. తప్పు ఫ్లాష్‌దే, నియమం రాసే ఉంది. కానీ లైనక్స్‌ను మొదలుపెట్టిన లైనస్ టోర్వాల్డ్స్ లైబ్రరీ వాళ్ల మీదే విరుచుకుపడ్డారు. వాడుకునేవాడికి నియమంతో పనేమిటి, నిన్న వినిపించిన పాట ఇవాళ వినిపించాలి గదా. 2011లో వచ్చిన 2.14 వెర్షన్‌లో దీనికి తోవ చూశారు. మెమ్‌కాపీ అనే పేరుకే రెండు చీటీలు తగిలించారు. పాత చీటీ పట్టుకొచ్చిన ప్రోగ్రాంకు ఒకదాని మీదికి ఒకటి వచ్చినా చెడని పద్ధతి, కొత్తగా తయారైన వాటికి వేగమైన పద్ధతి. ఫైలు ఒకటే, లోపల రెండు కాలాలు.

ఒకే కాపీ అందరికీ అన్నప్పుడు చెడినా అందరికీ చెడుతుంది. అది తెలుగు అక్షరంతోనే తెలిసొచ్చింది. 2018 ఫిబ్రవరిలో, కంటికి కనిపించని ఒక గుర్తు కలిసిన 'జ్ఞా' మెసేజ్‌లో వస్తే ఐఫోన్‌లో ఆ యాప్ కూలిపోయేది. వాట్సాప్ అయినా, ఇంకోటయినా అంతే. జ, పొల్లు, ఞ, దీర్ఘం విడివిడిగా వస్తే వాటిని ఒక్క అక్షరంగా పేర్చే పని ఆ ఫోన్‌లో ఉమ్మడి లైబ్రరీది. తప్పు దాంట్లో. ఆపిల్ అదే నెల 19న ఆ ఒక్క చోట సరిచేస్తే అన్ని యాప్‌లూ ఒకేసారి కుదుటపడ్డాయి. జ్ఞాపకాన్నీ విజ్ఞానాన్నీ ఒక్క ఫోన్ మింగలేకపోయిందని అప్పట్లో నవ్వుకున్నాం.

ఎంఎస్‌కామ్32 పాత డిస్క్‌లో దొరికింది. నెట్‌లో వెతికి దించుకుంటే ఐదు నిమిషాల పని కదా అని మిల్లు యజమాని కొడుకు అడిగాడు. డీఎల్‌ఎల్‌లు ఊరికే ఇస్తామనే సైట్లు బోలెడున్నాయి. కానీ లైబ్రరీ ఫైలుకు ప్రోగ్రాంకున్న అధికారాలన్నీ ఉంటాయి. ముక్కూ మొహం తెలియని చోటునుంచి తెచ్చి పెడితే మిల్లు లెక్కల బీరువా తాళం దారిన పోయేవాడికి ఇచ్చినట్టే.

ఫైలును సిస్టమ్32 ఫోల్డర్‌లో వేశాను. మళ్లీ 339. ఇది నా పొరపాటే, ఇన్నేళ్ల అనుభవం ఉండి కూడా చేయి అలవాటుగా అక్కడికే పోయింది. 64 బిట్ విండోస్‌లో సిస్టమ్32 అనే ఫోల్డర్‌లో ఉండేవి 64 బిట్ ఫైళ్లు. పాత 32 బిట్ ఫైళ్లు ఉండేది సిస్‌వావ్64 అనే ఫోల్డర్‌లో. పేర్లు తారుమారైనట్టు కనిపిస్తాయి. దీని వెనకున్నదీ పాత ప్రోగ్రాంల బెడదే. సిస్టమ్32 అనే పేరు లక్షల ప్రోగ్రాంలలో రాసుకుని ఉంది, దాన్ని మార్చలేరు. పాత 32 బిట్ ప్రోగ్రాం సిస్టమ్32 అని అడిగితే విండోస్ చప్పుడు చేయకుండా సిస్‌వావ్64 వైపు మళ్లిస్తుంది. నా ఫైలు అక్కడ లేదు కాబట్టి దానికి కనిపించలేదు.

సరైన చోట వేసినా సరిపోదు. ఓసీఎక్స్‌ను ప్రోగ్రాం ఫైలు పేరుతో కాక 128 బిట్ల ఒక సంఖ్యతో పిలుస్తుంది. ఆ సంఖ్యకు ఏ ఫైలు, ఎక్కడుందో విండోస్ రిజిస్ట్రీలో రాసి ఉండాలి. ఓటరు లిస్టులో పేరు లేకపోతే ఊళ్లో ఉన్నా ఓటు లేనట్టు. అడ్మినిస్ట్రేటర్‌గా కమాండ్ ప్రాంప్ట్ తెరిచి రెగ్‌ఎస్‌విఆర్32 అనే కమాండ్‌తో నమోదు చేశాను. ప్రోగ్రాం తెరుచుకుంది. ఆకుపచ్చ అక్షరాల పాత తెర చూసి గుమాస్తా మొహం వెలిగింది. బరువు మాత్రం సున్నా. కొత్త కంప్యూటర్‌కు సీరియల్ పోర్టే లేదు, యూఎస్‌బీ కన్వర్టర్ పెట్టారు. దానికి విండోస్ కామ్ 5 అని పోర్టు నంబరిచ్చింది. ప్రోగ్రాంకు తెలిసింది కామ్ 1 ఒక్కటే. డివైస్ మేనేజర్‌లో నంబరు మార్చగానే అంకెలు కదిలాయి.

అదే డిస్క్‌లో ఇంకా పాత లెక్కల ప్రోగ్రాం ఒకటుంది, విండోస్‌కు ముందటి డాస్ కాలం నాటిది, ఫాక్స్‌ప్రో అనే సాధనంతో రాసింది. దాన్ని ఏ డీఎల్‌ఎల్ కూడా లేపలేదు. 64 బిట్ విండోస్ 16 బిట్ ప్రోగ్రాంలను అసలే నడపదు. వాటికి డాస్‌బాక్స్ లాంటిది కావాలి, అది పాత కంప్యూటర్‌నే మొత్తంగా నటిస్తుంది. ఆ పని ఆదివారానికి వాయిదా వేశాం.

డాట్ మ్యాట్రిక్స్ ప్రింటర్ కిర్రుమంటూ మొదటి చిట్టీ కొట్టింది. ఇందాకటి పెద్దాయన దాన్ని తీసుకుని, గోడ మీది ఎర్ర అంకెతో రెండుసార్లు సరిచూసుకుని జేబులో పెట్టుకున్నాడు. నేను ప్రోగ్రాం ఫోల్డర్‌ను, ఆ ఓసీఎక్స్‌ను, చేసిన పనుల వరుసను ఒక పెన్‌డ్రైవ్‌లో వేసిచ్చాను. గుమాస్తా దానికి తెల్ల ప్లాస్టర్ అంటించి, పెన్నుతో 339 అని రాసి, స్టాంపు ప్యాడ్ పక్కన సొరుగులో వేసుకున్నాడు.