స్పాంజి మరీ తెల్లగా ఉంటే

చిన్నీ, బుజ్జిగా,

"అక్వేరియం ఫిల్టర్ స్పాంజిని కుళాయి కింద పెట్టి తెల్లగా కడిగాం తాతయ్యా, అయినా నీళ్లు మసకబారి చేపలు పైకొచ్చి నోళ్లు తెరుస్తున్నాయి, ఎందుకు?" అని అడిగారు. అంత తెల్లగా కడిగారు కాబట్టే!

చెత్త పట్టడం ఫిల్టర్ పనిలో సగమే. చేపలు విసర్జించిన దాంట్లోంచి, మిగిలిపోయిన మేతలోంచి అమ్మోనియా పుడుతుంది. కంటికి కనపడదు గానీ చేపకి విషం. స్పాంజి మీద జిగురులా పట్టుకుని బతికే బ్యాక్టీరియా దాన్ని ముందు నైట్రైట్‌గా మారుస్తుంది, అదీ విషమే, ఇంకో రకం బ్యాక్టీరియా దాన్ని పెద్దగా హాని చేయని నైట్రేట్ చేస్తుంది. అమ్మమ్మ పెరుగంతా వడ్డించేయకుండా తోడుకి కాస్త మిగులుస్తుంది చూడండి, ఆ జిగురు అదన్నమాట. మీరు తోడు గిన్నె తోమి బోర్లించేశారు! పైగా కార్పొరేషన్ నీళ్లలో క్లోరిన్, అంటే మరిగే పాలలో తోడు వేసినట్టే. పక్కింట్లో ఆరోగ్యంగా ఉన్న అక్వేరియం ఉంటే పాత స్పాంజి ముక్క ఒకటి అడిగి తెచ్చి మీ ఫిల్టర్లో పెట్టండి, తోడు అడగడానికి సిగ్గెందుకు? చలికాలంలో ఇదీ ఆలస్యంగానే తోడుకుంటుంది. కాకపోతే పెరుగు తెల్లారేసరికి అయిపోతుంది, ఇది మొదటినుంచీ అయితే 4 నుంచి 6 వారాలు.

అందాకా మేత బాగా తగ్గించి, రోజూ పావు వంతు నీళ్లు మార్చండి. కొత్త నీళ్లలో క్లోరిన్ పోగొట్టే మందు చుక్కలు వేయాలి, చేపల షాపులో దొరుకుతాయి. ఇకమీదట స్పాంజిని ట్యాంకులోంచి తీసిన నీళ్లలోనే, బకెట్లో రెండుసార్లు పిండితే చాలు.

మా చిన్నప్పుడు ఎండాకాలం బందరు కాలువ కట్టేస్తే గుంటల్లో మిగిలిన చేపలు ఇలాగే పైకొచ్చి నోళ్లు తెరిచేవి, మేం తువ్వాళ్లు పట్టుకుని దిగిపోయేవాళ్లం, ఇంటికెళ్లాక బురద బట్టలకి నాలుగు తగిలేవనుకోండి. నీళ్లు వేడెక్కితే ఆక్సిజన్ తక్కువ పడుతుంది, బెజవాడ ఎండలకి చెప్పేదేముంది. అందుకే రాత్రి చప్పుడు చేస్తోందని ఫిల్టర్‌కి గాలి ఊదే పంపు ఆపకండి, ఆ బ్యాక్టీరియాకీ ఊపిరాడాలి. మన కోసం రాత్రింబవళ్లు పనిచేసేవాళ్ల పని చెడగొట్టకుండా మనం పడుకోవడం నేర్చుకోవాలి కదా.

బుడగలు తగ్గితే ముందు గొట్టం ఎక్కడైనా మడత పడిందేమో, తర్వాత స్పాంజి పూడిందేమో చూడండి. కరెంటు పోతే నీళ్లు గొట్టంలోంచి వెనక్కి పంపులోకి దిగుతాయి, అందుకని పంపుని ట్యాంకు కంటే ఎత్తులో పెట్టండి. నీళ్లలో చెయ్యి పెట్టే ముందు స్విచ్ కట్టేసి, ప్లగ్గు పీకండి, ఇది మాత్రం నాన్న చేత చేయించండి.

నెల తిరిగాక స్పాంజి మీద వేలు రాసి చూడండి. జారుడుగా తగిలితే కడగబోకుండా ముందు నాకు ఫోన్ చేయండి.

మీ తాతయ్య,
విజయవాడ